ఆగి ఉన్న బండి

లైసెన్సు సంగతి ముందే చెప్పేస్తాను, దాని కోసం ఎవరూ ఊపిరి బిగపట్టుకోనక్కర్లేదు. మా వదిన కొర్లమ్మ డ్రైవింగు లైసెన్సు రెన్యువల్ అయింది. అనకాపల్లి ఆర్టీవో ఆఫీసులో ఒక్క పూట పట్టింది. డాక్టరు సర్టిఫికెట్టు తీసుకున్నాం, ఆన్‌లైన్లో స్లాటు పెట్టుకున్నాం, వెళ్ళాం, ఫోటో దిగింది, సంతకం పెట్టింది, బయటికొచ్చి చెరుకురసం తాగాం. అంతే. ఆ ఒక్క పూట పనిని అడ్డం పెట్టుకుని ఒక ఆడమనిషి నోరు నొక్కాలని చూశారు. అక్కడితో ఆగారా అంటే అదీ లేదు, కాలు విరిగి మంచం మీద ఉన్న ముసలావిడ నెత్తిన నేరం రుద్దారు. నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతూనే ఉంది. అందుకే రాస్తున్నాను.

మాది నక్కపల్లి దగ్గర రాజయ్యపేట. నా పేరు దుర్గాలక్ష్మి, అనకాపల్లిలో ఒక బట్టల షాపులో బిల్లులు కొడతాను. కొర్లమ్మ మా అన్న పోతురాజు పెళ్ళాం. మా అన్న ఎంత గాలిలోనైనా పడవని ఒడ్డుకి తెచ్చుకుంటాడు గానీ, హైవే మీద లారీ హారను వింటే చెమటలు పట్టేస్తాయి. చేపల్ని అనకాపల్లి చేర్చడానికి అప్పట్లో మా ఆడవాళ్ళు పడ్డ పాట్లు ఇన్నీ అన్నీ కావు. బస్సు ఆగితే కండక్టరు ముందు గంపల వైపు చూసేవాడు, తర్వాత ముక్కు మూసుకునేవాడు, తర్వాత రైట్ రైట్ అనేవాడు. ఆ చేపే ఇంట్లో పులుసు పెడితే వేళ్ళు నాక్కుంటూ తింటాడు కాబోలు, అప్పుడు మాత్రం వాసన రాదు. చివరికి అన్న ఒక పాత ట్రాలీ బండి కొని డ్రైవరుని పెట్టాడు. ఆ మహానుభావుడు పెట్టెల్లో ఐసు సగం కరిగాక తీరిగ్గా వచ్చేవాడు. ఒకరోజు వదిన వాడి చేతిలో తాళాలు లాక్కుని ఇంటికి పంపించేసింది.

నీళ్ళు వెనక్కి పోయాక గట్టిపడ్డ ఇసక మీద డ్రైవింగు నేర్చుకుంది. ఆడది స్టీరింగు పడితే ఊరికి చేపల వేట పడదని గొణిగిన పెద్దమనుషులే, కొన్నాళ్ళకి వరసలు కలుపుకుంటూ వచ్చి తమ గంపలు కూడా ఎక్కించమన్నారు. లైసెన్సుకి కాగితాలన్నీ నేనే చూశాను. టెస్టులో మొదటిసారే పాసైంది. అప్పట్నుంచి తెల్లవారుజామున మా ఊరి గంపలన్నీ ఆవిడ బండిలో, గంపల తాలూకు ఆడవాళ్ళు వెనక ఆటోలో, నేను వదిన పక్క సీట్లో. ఇన్నేళ్ళలో ఎవరికీ గీత కూడా పెట్టలేదు. పెట్టి ఉంటే నేను ఈ పాటికి చెప్పి ఉండేదాన్ని, మా వదిననని దాచేదాన్ని కాదు.

బండికి ఉన్న జబ్బల్లా ఒక్కటే, హ్యాండ్ బ్రేకు మీద నమ్మకం లేదు. అనకాపల్లిలో మేము గంపలు దించే చోట రోడ్డు కొంచెం ఎత్తుకి పోతుంది. అందుకని బండి ఆగగానే వెనక చక్రం కింద ఒక చెక్క పెడతారు. ఆ పని చిన్నమ్మలుది. చిన్నమ్మలు నాకు వరసకి పెద్దమ్మ, వదినకి అత్త. మొగుడు పోయి చాలాకాలమైంది, పిల్లల్లేరు. వీధి వీధీ తిరిగి చేపలమ్ముతుంది. ఆ చెక్క ఆవిడ మొగుడి తెప్ప పాడైపోతే దాని దుంగలోంచి కోయించింది. ఇంకెవర్నీ ముట్టుకోనివ్వదు. ఆవిడ చెక్క పెట్టి, కాలితో ఒక్క తాపు తన్ని, "ఊఁ, దించండి" అంటేనే మిగతావాళ్ళు గంపల మీద చెయ్యి వేయాలి. ముందే ఎవరైనా చెయ్యి వేశారా, వాళ్ళ ఏడు తరాల్నీ తలుచుకుంటుంది.

ఇక అసలు తప్పు. మా తప్పే, ఒప్పుకుంటాను. వేసవిలో రెండు నెలలు సముద్రం మీద వేట ఆపేస్తారని అందరికీ తెలుసు. చేపలు గుడ్లు పెట్టే కాలం, సర్కారు నిషేధం. ఆ రెండు నెలలూ మా ఊళ్ళో కాలం కదలదు. పెళ్ళి మాటలా, వేట తెరిచాక. ఇంటి రేకులా, వేట తెరిచాక. పడవ కాగితాలు, ఐసు వాడితో ఒప్పందం, అలిగిన అల్లుడి దగ్గరికి రాయబారం, అన్నీ వేట తెరిచాకే. వదిన లైసెన్సు మే నెలలో అయిపోతుందని నాకు తెలుసు, ఆవిడకీ తెలుసు. బండి ఇంటి ముందు తాటాకుల కింద పడుకుని ఉంది కదా, నడవని బండికి లైసెన్సు ఎందుకు, వేట తెరిచిన రోజు ఎలాగూ అనకాపల్లి వెళ్తాం కదా అనుకున్నాం. సర్కారు క్యాలెండరు మా సముద్రం చూసి ఆగదన్న సంగతి మా బుర్రలకి ఎక్కలేదు.

వేట తెరిచారు. మొదటి చేప గంగమ్మకి పెట్టారు, పడవలకీ మా బండికీ పసుపు రాశారు. ఆ రోజే గంపలు దించేసి ఆర్టీవో ఆఫీసుకి వెళ్దామని వదిన ఇస్త్రీ చీర కూడా కట్టుకుంది. చేపల బండి తోలడానికి ఇస్త్రీ చీర ఏమిటని ఆటోలో ఆడవాళ్ళు దారి పొడవునా ఏడిపించారు.

అనకాపల్లిలో బండి ఎప్పుడూ ఆపే చోటే, రోడ్డు పక్కకి ఆపింది. ఇంజను కట్టేసింది. పెద్దమ్మ చెక్క పెట్టింది, తన్నింది, దించండి అంది. నేను దిగి చీర సర్దుకుంటున్నాను. వెనక నుంచి ఒక తెల్ల కారు వచ్చి, బండి వెనక నిలబడ్డ పెద్దమ్మని గుద్ది, ఆవిడతో సహా బండిని గుద్దింది. ఆవిడ కాలు రెండింటి మధ్యా పడింది. ఆ చప్పుడు గురించి నేను రాయను.

వదిన ఆవిడ తల ఒళ్ళో పెట్టుకుని రోడ్డు మీద కూలబడిపోయింది. ఎవరో 108కి ఫోను చేశారు. కారులోంచి దిగిన కుర్రాడు మోహిత్, అనకాపల్లిలో పేరున్న సిమెంటు వ్యాపారి దేవీప్రసాద్ గారి కొడుకు. ఒక చెవిలో ఇంకా ఇయర్‌ఫోను ఉంది. వాడు ముందు కారు బంపరు చూసుకున్నాడు, ఆ తర్వాత మనిషిని చూశాడు. నేను కళ్ళారా చూశాను, ఆ వరస నేను మర్చిపోను. ఆడవాళ్ళు చుట్టుముట్టేసరికి ఫోను తీసి అందులో తన లైసెన్సు చూపించాడు. మేము అడగలేదు, వాడే చూపించాడు.

అప్పుడే నేను ఒక ఫోటో తీశాను. ఆ గడబిడలో నాకు ఆ తెలివి ఎలా వచ్చిందో తెలీదు. పెద్దమ్మ పెట్టిన చెక్క పెట్టిన చోటే ఉంది. బండి మాత్రం దాన్ని వదిలి మూరెడు ముందుకి జరిగి గేరు మీద ఆగింది. వెనక్కి దొర్లిన బండైతే చెక్క మీద ఎక్కి ఉండాలి కదా. ఇది చిన్నపిల్లలకి కూడా తెలుస్తుంది.

స్టేషనులో రాసే కానిస్టేబుల్ని రైటరు అంటారు. ఆ రైటరుకి ఫోటో చూపించబోయాను. ఆయన ఫోను వైపు చూడలేదు, వదిన వైపు చూసి లైసెన్సు తియ్యమన్నాడు. వదిన తీసిచ్చింది. తేదీ చూశాడు. ఇంక అక్కడి నుంచి ఎవరు గుద్దారు, ఎవరి కాలు విరిగింది అన్న మాటే లేదు. లైసెన్సు లేకుండా బండి ఎందుకు తీశావ్, లైసెన్సు లేనిదానివి కేసేం పెడతావ్, పెడితే ముందు పెట్టాల్సింది నీ మీదే కదా అని ఒకటే పాట. లైసెన్సు ఉన్నవాడు మనిషిని గుద్దాడు. లైసెన్సు అయిపోయిన ఆవిడ బండి ఆపి, ఇంజను కట్టేసి, చెక్క పెట్టించింది. వీళ్ళ లెక్కలో దోషి ఎవరయ్యా అంటే రెండో ఆవిడ. గట్టిగా ఏదో అనబోతే వదిన నా చెయ్యి నొక్కింది. రేపు రండి, పెద్దవాళ్ళతో మాట్లాడుకుని రండి అని పంపించేశారు.

ఆ పెద్దవాళ్ళు సాయంత్రానికి మా ఇంటికే వచ్చారు. పెద్దవాళ్ళంటే పైడిరాజు. మా ఊరివాడే, మా కులంవాడే, ఊళ్ళో ఐసు ఆయన దగ్గరే కొంటాం. దేవీప్రసాద్ గారు దేవుడంటి మనిషి, ఆసుపత్రి ఖర్చంతా పెట్టుకుంటానన్నారు, వదిన చేయాల్సిందల్లా ఒక సంతకమేనని కాగితం తీశాడు. నేను చదివాను. నిలిపి ఉంచిన ట్రాలీ చక్రానికి సరైన ఆధారం లేక వెనక్కి దొర్లిందని, ఆ కారణంగా చిన్నమ్మలు గాయపడిందని, ఇందులో కారు నడిపిన వ్యక్తి తప్పేమీ లేదని రాసి ఉంది. తెలుగు మాత్రం ఎంత శుభ్రంగా ఉందో. అబద్ధం రాసేవాడికి ఒక్క అచ్చుతప్పు కూడా పడలేదు.

"సంతకం ఎట్టీ కొర్లమ్మా. నైసెన్సు కేసంటూ మొదలైతే బండి పోతాది, ఊరి గంపలన్నీ ఎండలో ఉంటాయి," అన్నాడు పైడిరాజు.

మా అన్న కూడా సంతకం పెట్టేయమనే అన్నాడు. పిరికివాడని కాదు, బండి పోతే ఏమవుతుందో తెలిసినవాడు. మళ్ళీ కండక్టరు ముక్కు, మళ్ళీ రోడ్డు మీద పడిగాపులు. వదిన అటూ ఇటూ చూసి, రేపు పొద్దున్న అత్తని చూసొచ్చి పెడతానని కాగితం దగ్గర ఉంచుకుంది. నిజం చెప్పాలంటే పెట్టేసేదే. ఆవిడ కళ్ళలో నాకు అది కనిపించింది. ఖర్చు వాళ్ళు పెట్టుకుంటారు, తన మీద మాట పడితే పడుతుంది, అత్త కాలు బాగుపడితే చాలు అనుకుంది.

పొద్దున్న ఆసుపత్రికి వెళ్ళాం. పెద్దమ్మ కాలికి కట్టు, కట్టుకి బరువు వేలాడుతోంది. మమ్మల్ని చూడగానే మొహం గోడ వైపు తిప్పేసుకుంది. బండి తనదే కాబట్టి తన మీద కోపం పెట్టుకుందని వదిన అనుకుంది. పక్కన కూర్చుని చెయ్యి పట్టుకుంటే చెయ్యి లాగేసుకుంది. గోడతోనే మాట్లాడింది.

"ముసిల్దాన్నైపోనాను గుంటా. సెక్క సరిగ్గా ఎయ్యనేదట్టుంది. బండి నా మీదకే దొర్లీసింది. నీకు మాటొచ్చింది నావల్ల."

గుచ్చి గుచ్చి అడిగితే సంగతి బయటపడింది. పైడిరాజు మా ఇంటికి రాకముందే ఆసుపత్రికి వచ్చి వెళ్ళాడు. చక్రం కింద చెక్క జారిందట, అందుకే బండి దొర్లిందట, అని ఈవిడ చెవిలో పోసి వెళ్ళాడు. ఎవరి మీదా కోపం పెట్టుకోకమ్మా, ఎవరి తప్పూ కాదు, ముసలితనం అన్నాడట. కాలు విరగ్గొట్టించుకున్న మనిషి, నొప్పికి రాత్రంతా నిద్ర లేని మనిషి, తన కాలు తానే విరగ్గొట్టుకున్నానని సిగ్గుపడి గోడ వైపు తిరిగి పడుకుంది. కోపం కాదది, సిగ్గు. ఎవరు సిగ్గుపడాలి, ఎవరు పడుతున్నారు? నేను ఆ క్షణంలో పైడిరాజు కనిపిస్తే ఏం చేసేదాన్నో నాకే తెలీదు.

చెక్క ఉన్నచోటే ఉందని వదిన చెప్పింది. నేను ఫోటో చూపించాను. పెద్దమ్మ ఓసారి చూసి కళ్ళు మూసుకుంది. తనని ఊరుకోబెట్టడానికి చెబుతున్నామంది. పెద్దమనిషి అబద్ధం చెబుతాడా, అయినా కాగితం మీద రాసేశారట కదా అంది. మనం ఎంత అరిచి చెప్పినా కాగితం మీద రాసిందే నిజమని ఆవిడకి ఈ లోకం ఇన్నేళ్ళుగా నేర్పింది. మళ్ళీ గోడ వైపు తిరిగింది.

వదిన లేచింది. బయట వరండాలో ఆ కాగితం మడత విప్పి, చక్రానికి సరైన ఆధారం లేక అన్న ముక్క ఎక్కడుందో వేలు పెట్టి చూపించమంది. చూపించాను.

"ఇక్కడ నాను సంతకం ఎడితే నా తప్పని కాదే దుర్గా. అత్త తప్పని ఎట్టినట్టు," అంది. ఆ కాగితాన్ని ముక్కలు చేసి చెత్తబుట్టలో వేసింది. తర్వాత బండి ఎక్కబోయి, ఆగి, తాళాలు నా చేతిలో పెట్టి ఆటో పిలిచింది. లైసెన్సు లేకుండా ఇక ఒక్క అడుగు తోలనంది. బండిని మా షాపులో డ్రైవరు చేత స్టేషనుకి పంపించాం.

స్టేషనులో దేవీప్రసాద్ గారు కుర్చీలో కూర్చుని టీ తాగుతున్నారు. పైడిరాజు గోడకి ఆనుకుని నిలబడి ఉన్నాడు, ఆయనకి కుర్చీ వేయలేదు. ఎస్సై కూడా ఉన్నాడు. వదినని చూసి కాగితం తెచ్చావా అని రైటరు చెయ్యి చాపాడు. దేవీప్రసాద్ గారు ఎంతో నెమ్మదిగా, ఎంతో తియ్యగా, నీ మంచికే చెబుతున్నానమ్మా, లైసెన్సు విషయం బయటికి రాకూడదనే నా తాపత్రయమంతా అన్నారు. ఒకరి గుట్టు గుప్పిట్లో పట్టుకుని కాపాడుతున్నానని చెప్పుకోవడానికి ఎంత గుండె ఉండాలి.

వదిన ఆయన వైపు చూడలేదు. ఎస్సై ముందుకి వెళ్ళింది. ఇస్త్రీ చీర నలిగిపోయి ఉంది, కొంగు మీద నిన్నటి రక్తం మరక ఉతికినా పోలేదు.

"నా పేరు కొర్లమ్మండి. నా లైసెన్సు మే నెల్లో అయిపోనాది. అయిపోనాక కూడా బండి తోలేను. ముందు అది రాయండి."

రైటరు ఎస్సై వైపు చూశాడు. అలా రాస్తే జరిమానా పడుతుంది, బండి ఇక్కడే ఉంచేయాలి, రెన్యువల్ అయ్యేదాకా తోలకూడదు, తెలుసా అని ఎస్సై అడిగాడు. తెలుసంది. అయితే ఎందుకు రాయమంటున్నావని అడిగాడు.

"అది సూపించే కదండీ నిన్నట్నుంచీ నా నోరు నొక్కేత్తన్నారు. రాసీసేక ఇంక సూపించడానికి ఏటుంటాది? ఇప్పుడు ఆ కారుది రాయండి."

పైడిరాజు నేల చూపులు చూస్తున్నాడు. దేవీప్రసాద్ గారి టీ అలాగే ఉండిపోయింది. ఆయన ఏదో అనబోయారు గానీ, అనడానికి ఆ నోట్లో ఒక్కటే మాట ఉండేది, ఆ మాట వదిన ముందే చెప్పేసింది. ఎస్సై అప్పుడు మొట్టమొదటిసారి నా ఫోను చేతిలోకి తీసుకున్నాడు. ఫోటోని వేళ్ళతో పెద్దది చేసుకుని చెక్కనీ, చక్రాన్నీ, వాటి మధ్య ఖాళీనీ చూశాడు. నిన్ననే చూడొచ్చుగా, బాబూ. అది పైకి అనలేదు, మనసులోనే అనుకున్నాను. రైటరుని రాయమన్నాడు.

ఆ కుర్రాడికి రేపు కోర్టులో ఏమవుతుందో నాకు తెలీదు. వాళ్ళకి లాయర్లున్నారు, వాయిదాలుంటాయి. లైసెన్సు ఇప్పటికీ వాడి ఫోనులో భద్రంగానే ఉంది. మా వదిన జరిమానా కట్టింది, బండి వచ్చేదాకా ఊరి ఆడవాళ్ళతో పాటు గంప నెత్తిన పెట్టుకుని బస్సు దాకా నడిచింది. ఒక్కరు కూడా ఆవిడని పల్లెత్తు మాట అనలేదు. పెద్దమ్మ తిరిగే వీధుల్లో ఆవిడ చేపలు కూడా వదినే అమ్మింది.

కానీ నేను చెప్పాలనుకున్నది ఆ రోజు సంగతి. బండి స్టేషనులో వదిలేసేముందు కేబినులోంచి వదిన ఒక్క వస్తువు తీసి సంచిలో వేసుకుంది. ఎఫ్ఐఆర్ కాపీ పట్టుకుని తిన్నగా ఆసుపత్రికి వెళ్ళాం. పెద్దమ్మ ఇంకా గోడ వైపే ఉంది. కాగితం రాయించి తెచ్చాం, స్టేషను ముద్ర ఉంది, చదువుతాను విను అని మొదలుపెట్టాను. మొదట్లోనే వదిన లైసెన్సు ముక్క వచ్చింది. నీ గుట్టు నువ్వే చెప్పేసుకున్నావా అని పెద్దమ్మ గోడకేసే అడిగింది. చెప్పకపోతే తర్వాతి ముక్క రాయరట అంది వదిన.

తర్వాతి ముక్క చదివాను. రోడ్డు పక్కన, చక్రం కింద చెక్క పెట్టి, ఆగి ఉన్న వాహనం వెనుక నిలబడి ఉన్న చిన్నమ్మలును కారు ఢీకొట్టినట్టు, అని ఉంది.

"మల్లీ సదువు," అంది పెద్దమ్మ.

మళ్ళీ చదివాను. ఆగి ఉన్న అని రాశారా అని అడిగింది. రాశారన్నాను. చెక్క మాట కూడా ఉందా అంది. ఉందన్నాను. అప్పుడు మెల్లిగా మొహం ఇటు తిప్పింది. కళ్ళు తడిసి ఉన్నాయి గానీ, గొంతులో మా పాత పెద్దమ్మ వచ్చేసింది.

"మరా సెక్కేదే? రోడ్డు మీద ఒగ్గీసి వచ్చేరేటి?"

వదిన సంచిలోంచి చెక్క తీసి ఆవిడ చేతికిచ్చింది. పెద్దమ్మ అటూ ఇటూ తిప్పి చూసుకుంది, అరచేత్తో తుడిచింది. తర్వాత తల కొంచెం ఎత్తి, తను పడుకున్న మంచం కాళ్ళ వైపు చూసింది. ఆసుపత్రి మంచం కదా, కాళ్ళకి చక్రాలున్నాయి.

"నర్సమ్మ తుడిసినప్పుడల్లా ఇది జరిగిపోతంది. కింద ఎట్టు," అంది.

వదిన నేల మీద కూర్చుని, ఆ చెక్కని చక్రం కింద పెట్టి, లేచి, కాలితో ఒక్క తాపు తన్నింది.